ఆడమడుగు

నాకు ఇరవై ఒక్కేళ్ళున్న ఆ రోజుల్లో ప్రపంచంలో నాకు తెలియని విషయం ఒక్కటీ ఉండేది కాదు. తర్వాత ఏటా కొన్ని చొప్పున తెలియకుండా పోతూ వచ్చాయి. ఇప్పుడు టీవీ పెట్టాలన్నా మనవరాలిని పిలవాల్సి వస్తోంది. అప్పటి ఆ సర్వజ్ఞుణ్ణి తలుచుకుంటే మామూలుగా నాకు నవ్వొస్తుంది. ఒక్క ఆదివారం దగ్గర మాత్రం ఆ నవ్వు సగంలో ఆగిపోతుంది. ఇన్నేళ్ళుగా ఎవరికీ పూర్తిగా చెప్పకుండా, నవ్వే భాగం వరకే చెప్పి తప్పించుకుంటూ వచ్చాను. ఈసారి మిగతాది కూడా చెబుతాను.

ఆంధ్ర రాష్ట్రం వేరుపడిన కొత్త. రాజమండ్రి అవతల మా ఊరి నుంచి ఒక ట్రంకు పెట్టెతో మదరాసు వచ్చి, జార్జిటౌనులో ఒక కాగితాల మండీలో చేరాను. బెజవాడ నుంచీ గుంటూరు నుంచీ వచ్చే ఉత్తరాలకు మంచి తెలుగులో జవాబులు రాయడం నా పని. మండీ యజమానిని అందరూ మొదలాళి అనేవారు. వాళ్ళ ముత్తాతల ముత్తాతలు ఎప్పుడో నెల్లూరు వైపు నుంచి వచ్చి స్థిరపడ్డారట. మండీ మీది మేడలోనే వాళ్ళ కాపురం; ఇంట్లో తెలుగే మాట్లాడేవారు గానీ అది నేనెరిగిన తెలుగు కాదు. వాక్యం తెలుగులో బయల్దేరి, మధ్యలో అరవంలోకి వెళ్ళి ఏదో పని చూసుకుని, తీరిగ్గా మళ్ళీ తెలుగులోకి వచ్చేది. వాళ్ళకు నేను అంతకంటే వింత. మాట మాటకూ 'అండీ' తగిలిస్తానని మొదలాళి కూతుళ్ళిద్దరూ పడీ పడీ నవ్వేవారు. వచ్చిన మూడో రోజుకే నా పేరు పోయి 'గోదారి' మిగిలింది. "ఏమప్పా గోదారీ, ఆ కట్ట ఆడ పెట్టు" అని మొదలాళి అంటే, మొదట్లో ఆడ కట్ట ఏదో మగ కట్ట ఏదో తెలియక తెల్లమొహం వేసేవాణ్ణి. మూడు వారాలకు 'ఈడ' అంటే ఇక్కడ, 'ఆడ' అంటే అక్కడ అని బోధపడింది. బోధపడ్డమే కాదు, "ఆడ కాదమ్మా, అక్కడ అనాలి" అని ఆ ఆడపిల్లల్ని దిద్దడం కూడా మొదలుపెట్టాను. (వాళ్ళు నా వెనకాల నన్నెలా అనుకరించేవారో తర్వాత తెలిసింది. బాగానే అనుకరించేవారు.)

ఆ ఇంట్లో నన్ను చూసి నవ్వని మనిషి ఒక్కరే ఉండేవారు. మొదలాళికి అక్కగారు. అందరికీ ఆవిడ పెద్దక్క. పన్నెండో ఏట పెళ్ళయి, పదిహేడో ఏటికి తెల్లచీరతో పుట్టింటికి తిరిగొచ్చి, అప్పటినుంచీ ఆ మేడ మీది వెనక గదిలోనే ఉండిపోయారు. నేను చూసేనాటికి నలభై అయిదేళ్ళుంటాయి. ఆ ఇంట్లో తెలుగు చదవగలిగింది ఆవిడొక్కరే. పిల్లలవి అరవం బడులు. నేను తెచ్చే వారపత్రికలు చదివి, మడత నలగకుండా తిరిగిచ్చేవారు. శనివారాలు మధ్యాహ్నం మండీ కట్టేశాక నాకు గ్లాసెడు మజ్జిగ, అందులో పచ్చిమిరపకాయా కరివేపాకూ. మా అమ్మ గుర్తొచ్చి గ్లాసు ఖాళీ చేసేదాకా తలెత్తేవాణ్ణి కాదు.

ఏటా ఒక ఆదివారం మండీ వాళ్ళందరినీ ఇంటివాళ్ళతో కలిపి ఎక్కడికైనా తీసుకెళ్ళడం మొదలాళికి ఆనవాయితీ. ఆ ఏడు కొత్త చోటు కావాలన్నారు. ఏటా బస్సు తోలే డ్రైవరు తడ దాటాక కొండల్లో మంచి మడుగులున్నాయన్నాడు. (హారను మీద నుంచి చెయ్యి తీయడు కనక అతన్ని హారన్ మామ అనేవాళ్ళం.) నేను ఊరుకోకుండా, తిరుగుదారిలో పులికాట్ చూడాలనీ, అక్కడ డచ్చివాళ్ళు కోట కట్టారనీ, మూడు వందల ఏళ్ళ నాటి సమాధులు ఉన్నాయనీ ఏదో పుస్తకంలో చదివింది ఏకరువు పెట్టాను. మొదలాళి ముచ్చటపడి, "అయితే ఈసారి గోదారే మనకు గైడు" అనేశారు. నేను గైడునైపోయాను. మూర్ మార్కెట్లో దొరలు పెట్టుకునే సోలా టోపీ ఒకటి, ఒక ఈల కొనుక్కున్నాను. అట్ట గట్టిగా ఉన్న నోటుపుస్తకం ఒకటి మండీలోనే దొరికింది.

వివరాల కోసం హారన్ మామ దగ్గర కూర్చున్నాను. అతను బీడీ కాలుస్తూ చెప్పుకుపోయాడు. "ముందర రాళ్ళ మడుగు వస్తాది సామీ. నడుం లోతే, పిలకాయలు కూడా దిగచ్చు. దాని మీద జమ్ము మడుగు. అది ఒద్దు, జలగలు. ఇంకా పైకి పోతే ఆడ మడుగు ఒకటుండాది. మడుగంటే అదీ! నీళ్ళు అద్దం." నేను ఎర్రసిరాతో వరసగా రాసుకున్నాను: రాళ్ళమడుగు, జమ్ముమడుగు, ఆడమడుగు. సమాసాలు చక్కగా కుదిరాయని మూడూ కలిపే రాశాను. రాత్రి గదికొచ్చి చదువుకుంటే మూడోది ఆడవాళ్ళ కోసమే ప్రత్యేకించిన మడుగుగా నాకు కనబడింది. కనబడ్డాక ఊరుకుంటానా? ఆ ప్రాంతాన్నేలిన పాలెగాడి భార్య చెలికత్తెలతో అక్కడ జలకాలాడేదనీ, అందువల్ల ఈనాటికీ పురుషులెవరూ అటు వెళ్ళరనీ రెండు పేజీల చరిత్ర కూడా అప్పటికప్పుడు పుట్టించాను. ఎంత బాగా వచ్చిందంటే, రాశాక నేనే నమ్మేశాను.

ఆ శనివారం మజ్జిగ ఇస్తూ పెద్దక్క, "ఏమి అబ్బయ్యా, ఆడ ఏమేమి చూపిస్తావు?" అని అడిగారు. నోటుపుస్తకం తీసి గొంతు సవరించుకుని చదివాను. పాలెగాడి భార్య దగ్గరికి వచ్చేసరికి ఆవిడ గ్లాసు తీసుకోవడం మర్చిపోయారు.

"ఆడోళ్ళ మడుగా? మొగోళ్ళు రానే రారా?"

"రారండీ. పూర్వం నుంచీ ఆచారమండీ."

ఆవిడ అప్పుడు గ్లాసు అందుకుని పక్కన పెట్టారు. తర్వాత మెల్లిగా, "నాకు ఈతొచ్చు" అన్నారు. చిన్నప్పుడు సెలవులకు నెల్లూరు దగ్గర అమ్మమ్మ ఊరికి పోతే పెన్నలోనే ఉండేవారట. పదకొండో ఏట ఆఖరుసారి. "ఆ తర్వాత నీళ్ళంటే నాకు చెంబులో నీళ్ళే అబ్బయ్యా. ముప్పై నాలుగేళ్ళయింది. చేతులకు గుర్తుండాదో లేదో." కిందికి ఓసారి తొంగిచూసి గొంతు తగ్గించారు. "తమ్ముడికి చెప్పొద్దు. వాడు మంచోడే, కానీ వాడికి నలుగురూ ఏమనుకుంటారనే బయం. ఒక్క మునక మునిగి వచ్చేస్తాను. ఎవురూ రాకుండా నువ్వు చూసుకుంటావా? మాటిస్తావా?"

"నా పూచీ అండీ," అన్నాను. సోలా టోపీ ఇంకా పెట్టుకోలేదు గానీ పెట్టుకున్నంత ఠీవిగానే అన్నాను.

ఆదివారం తెల్లారగట్ల ముప్పై మందిమి బస్సెక్కాం. రెడ్ హిల్స్ దాటేదాకా హారన్ మామ హారనూ నా ఈలా పోటీపడ్డాయి. కొండ కింద మామిడితోపులో వంటసామాను దించాం. ఆడవాళ్ళు తోపులో విశ్రాంతి తీసుకుంటారని మొదలాళికి చెప్పి, మగవాళ్ళను రాళ్ళమడుగు దగ్గర దించాను. "గోదారీ, నువ్వు దిగి ఈత చూపించు" అని అందరూ పట్టుబట్టారు. (గోదావరి ఒడ్డున పుట్టినవాడికి ఈత రాకపోవడమనే అవమానం నాకొక్కడికే దక్కింది. రేవులో మెట్టు దిగనిచ్చేది కాదు మా అమ్మ.) విధి నిర్వహణలో ఉన్న గైడు నీళ్ళలో దిగకూడదని చెప్పి బయటపడ్డాను.

పెద్దక్క, మొదలాళి భార్య, ఆవిడ కూతుళ్ళిద్దరూ నా వెనక కొండెక్కారు. ఆ మడుగు నిజంగానే అద్దంలా ఉంది. చుట్టూ నిలువెత్తు బండలు, పైనుంచి సన్నటి ధార. మిగతా ముగ్గురూ గట్టు మీద కూర్చుని కాళ్ళు తడుపుకుంటున్నారు. పెద్దక్క చీర కచ్చ బిగించి, నీళ్ళకు దణ్ణం పెట్టుకున్నారు. నేను మర్యాదగా వీపు తిప్పుకుని, బండ మలుపు ఇవతల దారికి అడ్డంగా నిలబడ్డాను. వెనకనుంచి ఒక పెద్ద చప్పుడు, తర్వాత పిల్లల కేకలు. "అత్తా! అత్తా! అయ్యో, మా అత్తకు ఈతొచ్చే!" ఆ తర్వాత పెద్దక్క నవ్వు. ఆవిడ నవ్వగా నేను అంతకు ముందు విన్నది గ్లాసు అందుకునేటప్పటి చిన్న నవ్వే. ఇది వేరు, కొండంతా వినబడే నవ్వు. ఆ పావుగంటా నా అంత గొప్పవాడు భూమ్మీద లేడనిపించింది.

అంతలో కిందినుంచి మాటలు. తలలకు తువ్వాళ్ళు చుట్టుకుని, మొదలాళి ముందు, మండీ జనం వెనక, బిలబిలా ఎక్కి వస్తున్నారు. నేను టోపీ సర్దుకుని రెండు చేతులూ చాపాను.

"అయ్యగారండీ, ఇటు రాకూడదండీ. ఇది ఆడమడుగండీ!"

"ఆమా, అవును, ఆడ మడుగే కదా. ఆడికే పోతా ఉండాము."

"అదేనండీ, ఆడమడుగు కాబట్టే రాకూడదండీ!"

"ఏమప్పా నీకు? ఆడ మడుగు కాబట్టేగా కొండెక్కింది. ఆ రాళ్ళ మడుగులో నడుం కూడా తడవలా. హారన్ మామా, చెప్పు వీడికి!"

"అవును సామీ, నేనేగా చెప్పినాను," అన్నాడు హారన్ మామ. "ఆడ మడుగే బాగుంటాదని."

"మగవాళ్ళు ఆడమడుగుకు ఎలా వెళతారండీ?"

"నడిచే పోతారు! తొలుగు!"

అక్కడ ఒక్క ముక్క స్పష్టంగా అని ఉంటే సరిపోయేది. 'లోపల మీ అక్కగారు స్నానం చేస్తున్నారు' అంటే చాలు. ఆ మాట అంతమంది మగవాళ్ళ ముందు అనడానికి నాకు సిగ్గేసింది. సిగ్గుపడి, దానికి బదులు ఈల ఊదాను. ఈల వినగానే నేను తమాషా చేస్తున్నాననుకుని వెనకవాళ్ళు కూడా ఈలలు వేస్తూ నన్ను పక్కకు నెట్టి మలుపు తిరిగారు. తర్వాత ఎవరూ ఈల వెయ్యలేదు.

పెద్దక్క మడుగు మధ్యలో వెల్లకిలా తేలుతున్నారు, కళ్ళు మూసుకుని. చప్పుడు ఆగిపోవడంతో కళ్ళు తెరిచారు. ఒక్కసారిగా మెడదాకా మునిగి, బండ పట్టుకుని అలాగే ఉండిపోయారు. చూపు తిప్పుకోవాలని మొదట ఎవరికీ తోచలేదు. మొదలాళి మొహం కందగడ్డ అయింది. "అందరూ కిందికి పోండి!" అని అరిచి, వాళ్ళు కదిలేలోగానే, "ఏమక్కా ఇది? మండీ జనమంతా చూస్తా ఉంటే! ఎవురు చెప్పినారు నిన్ను నీళ్ళలో దిగమని?" అన్నారు.

నేను అక్కడే ఉన్నాను. నాలుగడుగుల దూరంలో. పెద్దక్క నావైపు చూశారు. నిష్ఠూరం లేదు ఆ చూపులో, ఎదురుచూపు ఉంది. నోరు తెరిచాను కూడా. ఉద్యోగం, అద్దె గది, ఊళ్ళో నాన్నకు మదరాసు గురించి నేను రాసిన గొప్పలు, అన్నీ ఒక్కసారే గుర్తొచ్చాయి. నోరు మూసుకున్నాను.

"ఎవురూ చెప్పలా," అన్నారు ఆవిడ నీళ్ళలోంచే. "నాకే దిగాలనిపించింది. దిగినాను."

తోపులో పులిహోర ఎవరికీ సహించలేదు. పెద్దక్క తడిచీర బస్సు వెనక కమ్మీకి కట్టి ఆరేశారు. పొన్నేరి మీదుగా పులికాట్ చేరేదాకా అది నా వెనక టపటప కొట్టుకుంటూనే ఉంది. మొదలాళి ముందు సీట్లో, అక్కగారు ఆఖరు సీట్లో. మధ్యలో టోపీ ఒళ్ళో పెట్టుకుని నేను.

గైడు పని మాత్రం అయిపోలేదు. పులికాట్‌లో సమాధుల తోట వాకిలికి అటూ ఇటూ రాతిలో చెక్కిన రెండు అస్థిపంజరాలు నిలబడి ఉంటాయి. నోటుపుస్తకంలో వాటి మీద ఒకటిన్నర పేజీ రాసుకున్నాను. పీలగొంతుతో చదవడం మొదలుపెట్టాను. మొదలాళి భార్య ఆ రాతి పుర్రెల్ని ఎగాదిగా చూసి, "ఈ ఎముకల్ని చూపించేదానికా ఇంత దూరం తోలుకొచ్చినావు?" అన్నారు. చిన్నకూతురు ఏడుపు లంకించుకుంది. హారన్ మామ ఒక సమాధి మీద కూర్చుని బీడీ ముట్టించాడు. డచ్చివాళ్ళ వ్యాపారం, అద్దకం బట్టలు, కోట, అన్నీ చదివేశాను. వినేవాళ్ళు ఒక్కొక్కరూ జారుకోగా, చివరికి వాకిలికి కాపలా ఉన్న ఆ ఇద్దరే మిగిలారు.

అప్పుడు చూశాను, పెద్దక్క ఒక పక్క గోడ నీడన కూర్చుని ఉన్నారు. నన్ను రమ్మని సైగ చేశారు. వెళ్ళి తల దించుకుని నిలబడ్డాను.

"ఆ పుస్తకం ఇటియ్యి."

ఇచ్చాను. పేజీలు తిప్పి, ఎర్రసిరా దగ్గర ఆగారు. రాళ్ళమడుగు, జమ్ముమడుగు, ఆడమడుగు. పెదవులు కదుపుతూ రెండుసార్లు చదివారు. "హారన్ మామ చెప్తే రాసుకున్నావా ఇది?" అన్నారు. అవునన్నాను. ఆవిడ పుస్తకం మొహానికి అడ్డం పెట్టుకుని నవ్వడం మొదలుపెట్టారు. భుజాలు కదిలిపోయేలా, కళ్ళ నీళ్ళు కారేలా. "ఒరే గోదారీ! వాడు చెప్పింది ఆడోళ్ళ మడుగు కాదురా. ఆడ... ఆడ ఉండే మడుగు! మా పిలకాయల్ని రోజూ దిద్దుతా ఉండావే, అక్కడ అనాలని!"

అప్పటికి గానీ నాకు తట్టలేదు. నేలలోకి కుంగిపోతే బాగుండునని, అందుకు తగిన చోటే కదా అని కూడా అనిపించింది. పాలెగాడి భార్యను నేనే పుట్టించానని చెప్పేశాను. ఆవిడ నా జేబులో పెన్సిలు తీసుకుని, ఆ మాట మధ్యలో, డకూ మకూ నడుమ, నిలువుగా ఒక గీత గీశారు.

"ఇంత సందు విడిచి రాసుంటే, నేను దిగుండేదాన్నే కాదు," అన్నారు. పుస్తకం మూసి నా చేతిలో పెట్టి, "విడవకపోవడమే మేలయింది. చేతులకు గుర్తుండాది అబ్బయ్యా. అంతా గుర్తుండాది."

"అయ్యగారికి ఇప్పుడే చెప్పేస్తానండీ. దిగమన్నది నేనేనని, తప్పంతా నాదేనని."

"ఈ పొద్దు ఒద్దు. వాడు కాగిపోతా ఉండాడు, నిన్ను మండీలోకి రానీడు. రేపు చెప్పు, చల్లబడతాడు. వచ్చే ఏడు మళ్ళీ ఆడికే పోదాము."

రేపు చెబుదామనుకున్నాను. సోమవారం మొదలాళి విసుగ్గా ఉన్నారు. మంగళవారం నన్ను మెచ్చుకుని ఏదో ఉత్తరం చదివించుకున్నారు, మంచి మూడ్ పాడుచేయడమెందుకనుకున్నాను. అలా రోజులు గడిచాయి, ఏడాది గడిచింది. ఈసారి మహాబలిపురం అనుకున్నారు. బస్సు ఎక్కుతుంటే పెద్దక్క లేరు. "అక్క ఇంట్లో ఉంటాది. ఆమెను తోలుకుపోతే మళ్ళీ ఏం చేస్తాదో," అన్నారు మొదలాళి, ఎవరితోనూ కాకుండా. కిటికీలోంచి మేడ వైపు చూశాను. వెనక గది వీధిలోకి కనబడదు. అప్పుడు కూడా దిగి చెప్పలేదు. ఆ ఏడు గైడును నేను కాదు గనక సముద్రం చూస్తూ కూర్చున్నాను. ఒక్క వాక్యం చెప్పి ఉంటే ఆవిడ ఆ సీట్లో ఉండేవారు. కోపమంతా నామీద పోయేది, ఆవిడ నా మాట నమ్మి మోసపోయిన మనిషి అయ్యేవారు, అంతే. నాకు పోయేదేముంది? ఉద్యోగం పోతే ఇంకొకటి దొరికే వయసు.

శనివారాల మజ్జిగ మాత్రం ఆగలేదు. ఆవిడ ఒక్కనాడూ ఆ ఊసెత్తలేదు. ఎత్తి ఉంటే బాగుండేది. ఆ పైఏడు పెరంబూరులో వేరే ఉద్యోగం దొరికి వచ్చేశాను. సెలవు తీసుకుంటున్నప్పుడు ఆవిడ అన్నది ఒక్కటే: "అబ్బయ్యా, ఈత నేర్చుకో." నేర్చుకోలేదు. ఆవిడ పోయిన కబురు పది రోజులు ఆలస్యంగా తెలిసింది. మొదలాళిని పలకరించడానికి వెళ్ళి, అరుగు మీద గంటసేపు కూర్చుని, చెప్పాలనుకున్న మాట చెప్పకుండానే కాఫీ తాగి వచ్చాను. ఇప్పుడు ఆయనా లేరు.

ఆ నోటుపుస్తకం నా దగ్గర ఉంది. ఎర్రసిరా వెలిసిపోయింది, పెన్సిలు గీత వెలవలేదు. ఇన్నేళ్ళు ఈ ఊళ్ళో ఉన్నాక నా తెలుగు కూడా మధ్యలో అరవంలోకి వెళ్ళి పని చూసుకుని వస్తోంది. మొన్న మనవరాలు కళ్ళజోడు ఎక్కడ పెట్టావు తాతా అంటే, "ఆడ" అన్నాను. రాజమండ్రి సంబంధం చేసుకున్నాం గనక మా కోడలు వెంటనే అందుకుంది. "ఆడ కాదు మావయ్యగారూ, అక్కడ అనాలి." సోలా టోపీ పెట్టుకున్న కుర్రాడొకడు నా ఎదురుగా నిలబడినట్టయింది. పాపం, వాడికి అన్నీ తెలుసు. ఒక్క వాక్యం తప్ప.

ఆ వాక్యం ఇవాళ ఇక్కడ రాస్తున్నాను: అయ్యగారండీ, మీ అక్కగారిని ఆ మడుగులో దిగమన్నది నేనే.

మాటకూ మాటకూ మధ్య సందు సరిగ్గా విడిచానో లేదో రెండుసార్లు చూసుకున్నాను.